గడ్డి దుడ్డె చేసిన మా అన్న

మా అన్న గురించి పేపర్ల వాళ్ళు రాసేవి చదివితే నాకు ఒళ్ళు మండుతుంది. పరదేశంలో ఆయన సినిమాకు పెద్ద బహుమానం వచ్చిన కొత్తలో ఒకాయన మా ఇంటికి వచ్చాడు. చాయ్ తాగాడు, ఉస్మానియా బిస్కెట్లు తిన్నాడు, నేను చెప్పిందంతా తలూపుతూ విన్నాడు. తీరా వెళ్ళి ఏం రాశాడయ్యా అంటే, మా అన్న ఇంగ్లీషు పుస్తకాలు చదివి, దొరల సినిమాలు చూసి ఈ విద్య నేర్చుకున్నాడని. నా మొహం! ఆయన నేర్చుకున్నది పాతబస్తీ మొఘల్‌పురాలో, మా బర్రెల కొట్టంలో. పక్కనే ఉండి చూసినదాన్ని నేను. చూడటమేమిటి, ఆయన చేత మొట్టమొదట తిట్లు తిన్న నటిని కూడా నేనే. ఈ మాట ఎవరూ రాయరు గనుక నేనే రాస్తున్నాను.

మాది పాల వ్యాపారం. గల్లీ చివర ఇల్లు, ఇంటి వెనక కొట్టం. ఇంట్లో బాపు, అమ్మ, అన్న, నేను. మా బాపుకు ఒకటే గర్వం: ఆయన పాలలో నీళ్ళు కలవవు. పెద్ద దేవిడీల్లో ఉండే నవాబులు కూడా మనిషిని పంపి మా కొట్టం ముందు నిలబెట్టి పాలు పిండించుకు పోయేవాళ్ళు. మొహల్లాలో ఎక్కడ తగువు వచ్చినా "పాలాయన్ని పిలువుండ్రి, అబద్ధం చెప్పడు" అనేవాళ్ళు. ఆ మాట విన్నప్పుడు బాపు రుమాలు సవరించుకునేవాడు. మనిషి మంచివాడే, కానీ మంకుపట్టు పట్టాడంటే నిజాం నవాబు దిగివచ్చినా కదిలేవాడు కాదు. ఆ మంకుతనం నాకూ కొంచెం అబ్బింది. అన్నకు అబ్బలేదనుకునేదాన్ని, అదీ తప్పే.

అన్నకు సినిమా పిచ్చి పాలతోనే అంటుకుంది. అఫ్జల్‌గంజ్ వైపు టాకీసు పక్కన ఇరానీ హోటల్‌కు రోజూ పాలు పోసేవాడు. టాకీసు గేటు దగ్గర నిలబడే ఖాన్ సాబు మంచి మనసున్నవాడు. బిందె బయట పెట్టించి కాసేపు లోపలికి పోనిచ్చేవాడు. కాసేపే. ఇంటికి ఆలస్యంగా వస్తే బాపు ఊరుకోడు కదా! అందుకని అన్న ఏ సినిమా మొదలూ చూడలేదు, చివరా చూడలేదు. ఒకరోజు ఒక ముక్క, ఇంకోరోజు ఇంకో ముక్క. ఇంటికొచ్చి గడ్డి కోస్తూ మిగతాది తనే కల్పించి నాకు చెప్పేవాడు.

"నిన్న గా రాజు సచ్చిపోయిండన్నవు గదనే అన్నా, ఇయ్యాల పెండ్లెట్ల చేసుకుంటడు?" అని నేను కొట్లాటకు దిగేదాన్ని.

"నిన్న సచ్చుడు మంచిగనిపించింది. ఇయ్యాల బతికితేనే మంచిగున్నది. నీకేందే, ఇను."

నిజంగా సినిమా పూర్తిగా చూసి వచ్చినవాళ్ళు చెప్పే కథ కంటే మా అన్న కథే బాగుండేది. నేను ఇప్పటికీ అదే అంటాను.

మా గల్లీలోనే ఒక పెయింటర్ చాచా ఉండేవాడు. బొంబాయిలో సినిమా కంపెనీకి తెరల మీద కొండలూ మహళ్ళూ రంగులతో వేసేవాడు. పండుగకు ఇంటికి వచ్చినప్పుడు అన్న కల్పించే కథలు విని పగలబడి నవ్వాడు. తర్వాత నవ్వడం మానేసి, "వస్తవా బేటా నా వెంట? కంపెనీల పనికి పెట్టిస్త" అన్నాడు. ఆ రోజు నుంచి అన్నకు అన్నం సహించలేదు, పని మీద మనసు నిలవలేదు.

అమ్మ మెల్లిగా బాపు చెవిన వేసింది. బాపు గొంతు వీధి దాకా వినిపించింది.

"సినిమానా? మొకానికి రంగు పూసుకొని ఏడ్వనోడు ఏడ్చినట్టు జేసుడు, నవ్వనోడు నవ్వినట్టు జేసుడు. గది నీళ్ళు కలిపిన పాలు. నా ఇంట్ల గా యాపారం లేదు."

"బాపూ, ఒక్కసారి నువ్వొచ్చి సూడు, తర్వాత తిట్టు" అన్నాడు అన్న.

"నేను సూడ. నువ్వు పోవు."

బాపు మాట లేకుండా పోవడం అన్నకు ఇష్టం లేదు. పోకుండా ఉండటం చేతకాలేదు. చాచా మళ్ళీ బొంబాయి రైలెక్కే రోజు దగ్గర పడుతోంది. మొహం పీక్కుపోయి తిరుగుతున్న అన్నను చూస్తే నాకు బాపు మీద పట్టరాని కోపం వచ్చేది.

అప్పుడే మా మచ్చబర్రెకు పుట్టిన దుడ్డె, పాలు తాగే పసిదూడ, చచ్చిపోయింది. నుదుటి మీద తెల్ల మచ్చ ఉండేది కాబట్టి ఆ బర్రెను అలా పిలిచేవాళ్ళం. కొట్టంలో అన్నిటికంటే ఎక్కువ పాలు దానివే. ముసురు పట్టిన రోజుల్లో దుడ్డెకు జబ్బు చేసి రెండు పూటల్లో పోయింది. దుడ్డె పోతే బర్రె చేపదు. అంటే, పొదుగులోకి పాలు విడవదు. బాపు ఎంత బతిమాలినా, బెల్లం పెట్టినా, వీపు నిమిరినా మచ్చబర్రె కాళ్ళు విదిలించింది. పొదుగు రాయిలా గట్టిపడింది. ముట్టుకుంటే నొప్పికి అరిచేది. దాని అరుపు వింటూ మేము అన్నం ముందు కూర్చోలేకపోయేవాళ్ళం.

పాడి ఉన్న ఇళ్ళలో దీనికి ఒక ఉపాయం ఉంది. చచ్చిన దుడ్డె చర్మం ఒలిపించి, అందులో వరిగడ్డి కూరి, కుట్టి, తల్లి ముందు నిలబెడతారు. అది బిడ్డే అనుకుని తల్లి పాలు విడుస్తుంది. మా మొహల్లాలో ఆ పని చేసే ముసలాయనకు కళ్ళు పోయాయి. "నేను జేస్త" అన్నాడు అన్న.

ఎంత ముచ్చటగా చేశాడనుకున్నారు! చర్మాన్ని కుంకుడుకాయ రసంతో రుద్ది రుద్ది కడిగాడు. ఉప్పు పెట్టి ఆరబెట్టాడు. వెదురు పుల్లలు కాళ్ళకు పెట్టి గడ్డి కూరాడు. గాజుల దుకాణం నుంచి రెండు నల్ల గాజుపూసలు తెచ్చి కళ్ళుగా కుట్టాడు. వెంట్రుకలు దువ్వాడు కూడా! గల్లీ అంతా చూడటానికి వచ్చింది. పక్కింటి ఖాలా బుర్ఖా పైకెత్తి చూసి, "హాయ్ అల్లా, ఇగ ఉరుకుతదేమో" అంది. అన్న మొహం వెలిగిపోయింది. నేనైతే నా చేత్తోనే చేసినంత బడాయి పోయాను.

దాన్ని తీసుకెళ్ళి మచ్చబర్రె ముందు నిలబెట్టాడు. బర్రె ఒక్కసారి వాసన చూసింది. మొహం తిప్పుకుంది. మళ్ళీ ముందుకు జరిపితే కొమ్ముతో ఎత్తి అవతల పారేసింది. బాల్టీని తన్నింది. గల్లీ వాళ్ళు ఘొల్లున నవ్వారు.

"సూసినవా నీ షోకు? మందికి మంచిగున్నది, దానికి గాదు" అన్నాడు బాపు.

 అందరూ వెళ్ళిపోయాక అన్న కొట్టంలోనే ఒక మూల కూర్చున్నాడు. నేను రొట్టె తీసుకెళ్తే, మాట్లాడొద్దని చేత్తో సైగ చేశాడు. మచ్చబర్రెనే చూస్తున్నాడు. అది మేత ముట్టకుండా మెడ చాపి ఒక పాత గోనెసంచిని నాకుతోంది. దుడ్డె పడుకున్న సంచి అది. ఉచ్చతో, పేడతో కంపు కొడుతోంది. దాన్ని బయట పారేయాలని నేనే రెండుసార్లు అనుకున్నాను.

"అయ్యో, కడిగేసిన గదే చెల్లె" అన్నాడు అన్న. "దాని బిడ్డను నేనే కడిగేసిన. నాకు కండ్లున్నయని దానికి కండ్లు పెట్టిన. అది కండ్లతోని సూడదే."

గాజుపూసలు పీకేశాడు. కుట్లు విప్పి లోపలి గడ్డి తీసేసి, దుడ్డె పడుకున్న చోటి మాసిన గడ్డి కూరాడు. ఆ గోనెసంచితో ఒళ్ళంతా తుడిచాడు. మచ్చబర్రె పొదుగు నుంచి బలవంతాన నాలుగు చుక్కలు పిండి, ఉప్పుతో కలిపి గడ్డి దుడ్డె వీపున రాశాడు. అన్నీ అయ్యాక దాన్ని చూస్తే నాకు డోకొచ్చింది. ఒక చెవి వేలాడుతోంది, కడుపు సొట్టపోయింది.

"గిది దుడ్డెనా? ఇంతకుముందుదే నయముండె" అన్నాను.

"నీకోసం చేస్తలేనే. పో, గా గోడెనుక కూసొని దుడ్డె లెక్క అరువు."

"నేనా?"

"మరి బాపునడగాలెనా?"

గోడ వెనక ఎండుగడ్డిలో కూర్చుని అరిచాను. బాగా అరిచాననే అనుకున్నాను. "గట్ల గాదు" అన్నాడు. మళ్ళీ అరిచాను. "మేక అనుకున్నవా? మళ్ళ!" మళ్ళీ అరిచాను. "ఏం అరుపే గది, పెండ్లిల బ్యాండు లెక్క!" నాకు తిక్క రేగింది. "నువ్వే అరుసుకో పో" అని లేచాను. అన్న గోడ మీంచి తల పెట్టి, కోపం లేకుండా, మెల్లిగా అన్నాడు: "చెల్లె, నువ్వు దుడ్డె లెక్క అరుస్తున్నవు. గట్ల గాదే. నువ్వు అమ్మ కోసం అరువు. అమ్మ కనవడుత లేదు నీకు. గంతే."

ఆ మాటతో నాలో ఏమైందో నాకు తెలియదు. నా గొంతు నాదిలా లేదు. అరుస్తుంటేనే నాకు ఏడుపొచ్చింది. పెద్ద పెద్ద తారలందరూ తర్వాత చెప్పారు, ఆయన చెప్పే ఒక్క మాటతో గుండె విచ్చుకుంటుందని. వాళ్ళకంటే ముందు నేను కొట్టంలో గడ్డి మీద కూర్చుని తెలుసుకున్నాను.

మచ్చబర్రె చెవులు రిక్కించింది. అన్న ఆ గడ్డి దుడ్డెను పొదుగు పక్కనే గడ్డిమోపు చాటున సగం దాచి, దాని తలలో తన పిడికిలి దూర్చి పొదుగును రెండు పోట్లు పొడిచాడు. ఆకలి మీదున్న దుడ్డె అలాగే కదా పొడుస్తుంది. బర్రె వెనక్కి తిరిగి దాని వీపు నాకింది. ఒకసారి నాకి ఆగింది. తర్వాత ఆగకుండా నాకుతూనే ఉంది. గొంతులోంచి సన్నగా మూలిగింది. పొదుగు మెత్తబడింది. అన్న చెయ్యి వేయగానే పాలు బాల్టీలోకి జోరుగా దూకాయి. అమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. పాలు పిండుతూ అన్న కూడా ఏడుస్తున్నాడు. నా అన్న కంటే గొప్పవాడు ఈ పాతబస్తీలో లేడని ఆ క్షణాన నాకు అనిపించింది.

బాపు గడపలో నిలబడి అంతా చూశాడు. "మస్తు జేసినవ్ బిడ్డా" అన్నాడు. ఆ మాట ఆయన నోటి నుంచి రావడం మామూలు విషయం కాదు. అన్న ఆశగా లేచాడు.

"బాపూ, గిదే పని నేను బొంబాయిల జేస్త."

బాపు మొహం నల్లబడింది. "నోరు లేని దాన్ని మోసం జేసి పాలు పిండుకున్నం. గతి లేక జేసినం. దీన్ని హునర్ అంటవా, పనితనమంటవా? రేపు మనుషులను గూడ గిట్లనే పిండుకొని బతుకుతవా?"

"మోసం గాదు బాపు. దాని దుఃఖం లోపల్నే గడ్డ కట్టింది. ఇయ్యాల కరిగింది. నువ్వు సూసినవు గద."

"నాకు తెలివి చెప్పకు. పోతె పో. మళ్ళ నా నోట నీ పేరు రాదు."

అన్న పోయాడు. అమ్మ జొన్న రొట్టెలూ చింతకాయ తొక్కూ మూట కట్టింది. నేను గల్లీ మలుపు దాకా వెంట పోయాను. బాపు కొట్టంలో పేడ ఎత్తుతూ తల తిప్పలేదు.

ఆడిన మాట నిలబెట్టుకునే మనిషి కదా మా బాపు! నిజంగానే ఆ పేరు పలకలేదు. ఎవరైనా "నీ కొడుకెట్లున్నడు?" అని అడిగితే "బర్రెలు మంచిగనే ఉన్నయి" అనేవాడు. నేను కావాలనే రోజూ ఆయన ముందు అన్న పేరు గట్టిగా అనేదాన్ని. "అన్న ఉంటె గీ తాడు మంచిగ కట్టేటోడు" అని పక్కన నిలబడి మరీ అనేదాన్ని. వినపడనట్టే ఉండేవాడు. ఒకసారి పట్టలేక "నీకు గుండెకాయ ఉన్నదా బాపు?" అని అడిగేశాను. అమ్మ నా నోరు మూసింది.

అన్న బొంబాయిలో ఏం చేయలేదో అడగండి. అద్దాలు పట్టుకుని ఎండను తారల మొహం మీదికి తిప్పాడు. డబ్బాలతో ఉత్తుత్తి వాన కురిపించాడు. చీకటి గదిలో ఫిల్ము ముక్కలు అతికించాడు. ముక్కలు అతికించే పనిలో ఆయన్ని మించినవాడు లేడని చాచా చెప్పేవాడు. చిన్నప్పటి నుంచీ ముక్కలే చూసినవాడికి అదేం కష్టం! ఎప్పుడైనా ఇంటికి వస్తే తెల్లారి లేచి బాపు పక్కనే కూర్చుని పాలు పిండేవాడు. ఇద్దరూ రెండు బర్రెల కింద, ఒక్క మాట లేకుండా. తిరిగి రైలెక్కే ముందు నన్ను పక్కకు పిలిచి ఎప్పుడూ ఒక్కటే అడిగేవాడు: "బాపు నా పేరు తీసిండా?"

అబద్ధం చెప్పాలని చాలాసార్లు అనుకున్నాను. నోరు రాలేదు. "లేదన్నా" అనేదాన్ని. "మంచిది తీ" అని నవ్వేవాడు. ఆ నవ్వు చూడలేక నేనే ముందు ఇంట్లోకి వచ్చేసేదాన్ని.

ఏళ్ళు గడిచాయి. రజాకార్ల లొల్లి సద్దుమణిగి, రైళ్ళు మళ్ళీ సరిగ్గా నడవడం మొదలైంది. అప్పుడే అన్న సొంతంగా తీసిన మొదటి సినిమా మన ఊరికి వచ్చింది. నల్లా దగ్గర నీళ్ళ కోసం నిలబడే ఆడవాళ్ళ కథ. పేరున్న తారలు ఎవరూ లేరు. ఆ సినిమానే తర్వాత ఓడెక్కి దేశాలు తిరిగింది. అక్కడి వాళ్ళు నిలబడి చప్పట్లు కొట్టారట. కొట్టనీ, సంతోషమే. నాకు లెక్కలోకి వచ్చేది మాత్రం అఫ్జల్‌గంజ్ టాకీసే.

పొద్దున్నే అన్న కొట్టంలోకి వెళ్ళి, "బాపూ, ఇయ్యాల నా సినిమా. నువ్వు రావాలె" అన్నాడు. బాపు పాలు పిండుతూ, "పాలు పోసేదున్నది" అన్నాడు. అంతే.

అమ్మా నేనూ జనానాలో కూర్చున్నాం. ఆడవాళ్ళ బెంచీల ముందు అడ్డంగా పరదా ఉండేది. దీపాలు ఆర్పగానే ఆయా దాన్ని పక్కకు లాగేది. దీపాలు వెలిగితే మళ్ళీ మూసేది. పరదా సందులోంచి చూస్తే అన్న పక్క తలుపు దగ్గర గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. కింద ముందు బెంచీల మీద రిక్షా వాళ్ళు, కూలీలు, గాజుల కార్ఖానా పనివాళ్ళు. అమ్మ నా మోచేయి గట్టిగా పట్టుకుంది.

"గా రుమాలు సూడవే. మీ బాపు గాదు?"

బాపే. ఒళ్ళో ఖాళీ పాల బిందె పెట్టుకుని, మొదటి బెంచీలో, పంతులు ముందు కూర్చున్నట్టు నిటారుగా కూర్చున్నాడు. 

దీపాలు ఆరాయి. తెర మీద పేర్లు రావడం మొదలైంది. బాపుకు చదువు రాదు. పక్కవాణ్ణి అడుగుతున్నాడు: "నా కొడుకు పేరు ఏది భాయ్? గిదేనా?" "చుప్ బైఠో చాచా" అని వెనక నుంచి ఎవరో కసిరారు. అన్న పేరు వచ్చింది. ఉర్దూలో, తెర నిండా. బాపు ఇంకా పక్కవాడి మొహమే చూస్తున్నాడు. ఇంక నాకు సిగ్గూ లేదు, పరదా లేదు. లేచి నిలబడి అరిచాను: "బాపూ! గదే! గదే అన్న పేరు!"

ఆయన తిరిగి చూసేసరికి పేరు పోయింది. ఆయా నా రెక్క పట్టి కూర్చోబెట్టింది. హాలంతా నవ్వింది.

మన టాకీసుల్లో ఒక పద్ధతి ఉండేది. పాట నచ్చితే జనం "వన్స్ మోర్" అని గోల చేసేవాళ్ళు. ఆపరేటర్ చచ్చినట్టు రీలు వెనక్కి తిప్పి మళ్ళీ వేసేవాడు. బాపు ఆ మాట ఎక్కడ విన్నాడో ఏమో. బిందె కింద పెట్టి బెంచీ మీదికి ఎక్కాడు.

"వన్స్ మోర్!"

"ఇంక పాటే రాలేదు, ఏం వన్స్ మోర్ చాచా?" అన్నారెవరో నవ్వుతూ.

"పాట గాదు భాయ్, పేరు! నా కొడుకు పేరు వచ్చిందంట, నేను సూడలె. నాకు సదువు రాదు." అని, హాలంతా వినబడేలా అన్న పేరు పలికాడు. ఇంటి పేరుతో సహా పలికాడు. అమ్మ వెక్కి వెక్కి ఏడ్చింది.

నవ్వులు ఆగిపోయాయి. ముందు రిక్షా వాళ్ళు మొదలుపెట్టారు, తర్వాత కుర్చీల వాళ్ళు. మా జనానాలో ఆడవాళ్ళు, నన్ను కూర్చోబెట్టిన ఆయా కూడా: "వన్స్ మోర్! వన్స్ మోర్!" బొమ్మ ఆగింది. దీపాలు వెలిగాయి. ఆయాకు పరదా మూయాలని కూడా గుర్తు రాలేదు. మళ్ళీ చీకటయ్యింది. పేర్లు మళ్ళీ వచ్చాయి.

"గిదే చాచా, గిదే!" అన్నాడు పక్కవాడు.

"సదువు భాయ్. జోర్‌సె సదువు."

అతను చదివాడు. ఆ బెంచీ చదివింది. తర్వాత హాలంతా కలిసి మా అన్న పేరు చదివింది. గోడ పక్కన అన్న రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు. పేరు పోయేదాకా బాపు బెంచీ మీద అలాగే నిలబడ్డాడు. తర్వాత కిందికి దిగి, బిందె ఒళ్ళోకి తీసుకుని, పక్కవాడితో అన్నాడు:

"ఇగ నడువనియ్యిండ్రి. సూద్దాం, ఏం జేసిండో నా కొడుకు."